వ్యవధిని పోగుచేయడం

1838లో డాగేర్ పారిస్ వీధినొకదాన్ని ఛాయాచిత్రంగా తీసినప్పుడు నిమిషాల తరబడి వెలుగు కావలసివచ్చింది. కదిలే బళ్ళూ జనమూ ఫలకంపై నిలవలేదు. బూట్లు తుడిపించుకుంటూ ఆగిన మనిషి ఆకారం మాత్రం దక్కింది. ఆనాడు క్షణం చిక్కేది కాదు. వీడియో ఆటలో ఇది తలకిందులు. అక్కడ షట్టరే లేదు, ప్రతి ఫ్రేమూ ఒక క్షణమే, వ్యవధినే పోగుచేసుకోవాలి. 1990లో హేబర్లీ, ఏక్లీలు వివరించిన ‘అక్యుములేషన్ బఫర్’ చేసిందదే: పలు చిత్రాలను కూడి సగటు కట్టడం.

దృశ్యకోణం కదపకుండా వంద స్క్రీన్‌షాట్లు తీసి సగటు కడితే జలపాతం పాలనురుగవుతుంది. రాత్రివేళ కార్ల దీపాలు మాత్రం సగటులో వెలవెలబోతాయి. వాటికి ప్రతి బిందువులోనూ అత్యధిక ప్రకాశాన్నే ఉంచుకోవాలి, అప్పుడే గీతలు. రద్దీ వీధికి మళ్ళీ సగటే మేలు. నడిచేవారు మాయమవుతారు. నిలబడ్డవాడు మిగులుతాడు గానీ, ఊపిరి తీస్తున్నట్టు ఊగేలా మలిచిన బొమ్మ కదా, అంచులు కాస్త మసకబారతాయి.