ఇంటి హీటింగ్: నేల కింద పైపులా.. గోడకు రేడియేటర్లా? యూకేలో ఇల్లు కొనేవాళ్లు తెలుసుకోవాల్సిన విషయాలివే!

మన దగ్గర ఇల్లు కట్టుకునేటప్పుడు ఫ్యాన్ ఎక్కడ, ఏసీ ఎక్కడ అనే చర్చే నడుస్తుంది. అదే లండన్, బర్మింగ్‌హామ్, మాంచెస్టర్ లాంటి నగరాల్లో సొంతిల్లు కొంటున్న తెలుగు కుటుంబాలకు ఇంకో ప్రశ్న ఎదురవుతుంది. చలికాలంలో ఇంటిని వేడిగా ఉంచడానికి గోడకు బిగించే రేడియేటర్లు చాలా, నేల కింద హీటింగ్ వేయించాలా? ఇందులో తప్పు జరిగితే ఏటా బిల్లు రూపంలో కట్టాలి. లేదంటే వేసిన ఫ్లోరింగ్‌నే పగలగొట్టాలి. అందుకే ముందే లెక్క చూసుకోవడం మంచిది.

రెండూ ఎలా పనిచేస్తాయి?

బాయిలర్ లేదా హీట్ పంప్ వేడి చేసిన నీళ్లు పైపుల్లో తిరుగుతాయి. ఇక్కడి వరకు రెండూ ఒకటే. రేడియేటర్‌లో ఆ నీళ్లు గోడకున్న ఇనుప ప్యానెల్‌లోకి వెళ్తాయి. అండర్‌ఫ్లోర్ పద్ధతిలో నేల కింద చుట్టలుగా పరిచిన సన్నటి ప్లాస్టిక్ పైపుల్లో తిరుగుతాయి. ఈ ఆలోచన కొత్తదేం కాదు. ఇంగ్లండ్‌లోని బాత్ నగరంలో రోమన్లు కట్టిన స్నానశాలల్లో నేల కింద వేడి గాలి పంపేవారు. కొరియాలో ‘ఓండోల్’ పేరుతో ఇదే పద్ధతి శతాబ్దాలుగా ఉంది.

అసలు తేడా నీళ్ల వేడిలోనే

మామూలు రేడియేటర్లకు 60 నుంచి 75 డిగ్రీల వేడి నీళ్లు పంపడం అలవాటు. నేల కింద పైపులకు 35 నుంచి 45 డిగ్రీలు సరిపోతాయి. ఎందుకంటే రేడియేటర్ చిన్నది, నేల పెద్దది. వేడి ఇచ్చే వైశాల్యం పెరిగితే నీళ్లు అంత కాగాల్సిన పనిలేదు.

హీట్ పంప్ ఉన్న ఇంట్లో ఈ తేడాకు విలువ ఎక్కువ. బాగా అమర్చిన హీట్ పంప్ ఒక యూనిట్ కరెంట్‌తో దాదాపు మూడు యూనిట్ల వేడి ఇస్తుంది. నీళ్ల వేడి ఎంత తక్కువ ఉంటే అంత పొదుపు. ఇంగ్లండ్, వేల్స్‌లలో హీట్ పంప్‌కు మారేవారికి ఇచ్చే ప్రభుత్వ సాయాన్ని 2023 అక్టోబర్‌లో 7,500 పౌండ్లకు పెంచారు. అలాగని రేడియేటర్లు పనికిరావని కాదు. సైజు పెద్దవి పెడితే అవి కూడా తక్కువ వేడితో పనిచేస్తాయి. ఇంగ్లండ్‌లో 2022 జూన్ నుంచి కొత్తగా వేసే హీటింగ్ సిస్టమ్‌ను వీలైనంత వరకు 55 డిగ్రీలు మించకుండా డిజైన్ చేయాలన్న రూల్ ఉంది.

స్పీడ్‌లో రేడియేటర్‌దే పైచేయి

స్విచ్ వేస్తే అరగంటలో గది వేడెక్కాలంటే రేడియేటరే కరెక్ట్. సిమెంట్ పొరలో వేసిన అండర్‌ఫ్లోర్‌కు గంటలు పడుతుంది, చల్లారడానికీ అంతే. పొద్దున్నే ఆఫీసుకెళ్లి రాత్రికి వచ్చేవాళ్లకు ఇది ఇబ్బందే. ఇంట్లో పెద్దవాళ్లు, చిన్నపిల్లలు రోజంతా ఉంటే మాత్రం నిలకడగా ఉండే నేల వేడి హాయిగా ఉంటుంది. చెప్పులు లేకుండా తిరిగే, నేల మీద కూర్చునే అలవాటున్న మన వాళ్లకు ఇది మరీ నచ్చుతుంది.

కొత్త ఇల్లా? పాత ఇల్లా?

కొత్తగా కడుతున్నా, వెనకవైపు గది పెంచుకుంటున్నా అండర్‌ఫ్లోర్ సులువు. కింద ఇన్సులేషన్, దాని మీద పైపులు, ఆపైన 65 నుంచి 75 మిల్లీమీటర్ల ఇసుక సిమెంట్ పొర వేస్తారు. ఆ పొర ఆరడానికి వారాలు పడుతుంది. తడి పోకముందే చెక్క ఫ్లోరింగ్ వేస్తే అది ఉబ్బిపోతుంది. పాత టెర్రస్ ఇళ్లలో నేల తవ్వాలి, లేదంటే ఎత్తు పెంచి తలుపులు కోయాలి. 15 నుంచి 20 మిల్లీమీటర్ల పలుచటి సిస్టమ్స్ ఉన్నా, కింద ఇన్సులేషన్ లేకపోతే వేడంతా మట్టిలోకే పోతుంది. ఫ్లాట్ అయితే పని మొదలుపెట్టే ముందు లీజు షరతులు చూసుకోవాలి.

ఈ పొరపాట్లు చేయొద్దు

* అండర్‌ఫ్లోర్ మీద మందపాటి కార్పెట్ వేయొద్దు. కార్పెట్, దాని కింది పొర కలిపి 2.5 ‘టాగ్’ దాటకూడదు. టైల్స్, రాయి అయితే బెస్ట్.
* పైపులకు ప్రెజర్ టెస్ట్ చేయకుండా సిమెంట్ పోయనివ్వొద్దు. నేల కింద జాయింట్లు లేకుండా ఒకే పైపు ఉండాలి.
* ఎలక్ట్రిక్ మ్యాట్‌లు వేయడం చవక, వాడటం ఖరీదు. అక్కడ యూనిట్ కరెంట్ ధర గ్యాస్‌కు దాదాపు నాలుగు రెట్లు. బాత్రూమ్ వరకైతే ఓకే.
* రేడియేటర్ మీద తడి బట్టలు ఆరేయొద్దు. ఆ తేమ చల్లటి గోడలకు పట్టి బూజు వస్తుంది. సోఫా అడ్డం పెట్టినా గదికి వేడి సరిగా అందదు.

మరి ఏది తీసుకోవాలి?

కొత్త ఇల్లు, మంచి ఇన్సులేషన్, హీట్ పంప్.. ఈ మూడూ ఉంటే అండర్‌ఫ్లోర్ వైపు మొగ్గొచ్చు. పాత ఇల్లు, తక్కువ బడ్జెట్, రోజులో కొన్ని గంటలే హీటింగ్ కావాలంటే సరైన సైజు రేడియేటర్లే మేలు. కింద అండర్‌ఫ్లోర్, పైన బెడ్రూముల్లో రేడియేటర్లు పెట్టుకునేవాళ్లూ చాలామందే. ఏది ఎంచుకున్నా ముందుగా ప్రతి గదికి ఎంత వేడి కావాలో ఇన్‌స్టాలర్‌తో లెక్క కట్టించాలి. ఆ లెక్క కాగితం మీద చూపించకుండా ధర చెప్పేవాళ్లకు అడ్వాన్స్ ఇవ్వకపోవడమే మంచిది.