పుదుచ్చేరిలో ప్రభుత్వ పనుల బిల్లు బకాయిలు: గుత్తేదారుకు చట్టం చూపే దారి

ప్రభుత్వ శాఖ అప్పగించిన పని పూర్తయి, కొలతలు ఎం-బుక్కులో నమోదైన తరువాత కూడా బిల్లు మొత్తం చేతికందకపోవడం చిన్న గుత్తేదారులను కుంగదీసే సమస్య. కూలీల వేతనాలు, సామగ్రి ధర, బ్యాంకు వడ్డీ ఆగవు. రావలసిన సొమ్ము మాత్రం ఆగిపోతుంది. ఇటువంటి సందర్భాలలో గుత్తేదారుకు చట్టపరమైన మార్గాలు ఉన్నాయి. అయితే ప్రతి మార్గానికీ గడువు ఉంది. ఆ గడువు తెలియక న్యాయమైన బకాయిని పోగొట్టుకున్నవారూ ఉన్నారు.

ప్రతివాది ఎవరు?

పుదుచ్చేరి కేంద్రపాలిత ప్రాంతం. పుదుచ్చేరి, కారైకాల్, మాహే, తెలుగువారు నివసించే యానాం దీని పరిధిలోని నాలుగు ప్రాంతాలు. కేంద్రపాలిత ప్రాంతాల ప్రభుత్వాల చట్టం, 1963 ప్రకారం ఇక్కడి పరిపాలనకు సంబంధించిన ఒప్పందాలు కేంద్ర కార్యనిర్వాహక అధికారం కింద కుదిరినవిగా పరిగణన పొందుతాయి. దావాలు భారత ప్రభుత్వం పేరిట లేదా భారత ప్రభుత్వంపై దాఖలు కావాలి. కార్పొరేషన్లు, స్వయంప్రతిపత్తి గల సంస్థలు, పురపాలక సంఘాలు వేరే న్యాయవ్యక్తులు. వాటిపై దావా వేసేటప్పుడు ఆయా సంస్థల సొంత చట్టాలలోని నోటీసు నిబంధనలను పరిశీలించాలి.

ఒప్పందం రాతపూర్వకమేనా?

రాజ్యాంగంలోని 299వ అధికరణం ప్రకారం ప్రభుత్వ ఒప్పందం రాష్ట్రపతి లేదా గవర్నరు పేరిట, అధికారం పొందిన వ్యక్తి సంతకంతో ఉండాలి. అధికారి నోటిమాటపై చేసిన పనికి ఈ రక్షణ లేదు. అయినప్పటికీ, గుత్తేదారు చేసిన పనిని ప్రభుత్వం స్వీకరించి, దాని ప్రయోజనం పొందితే, భారత ఒప్పందాల చట్టంలోని 70వ సెక్షన్ కింద తగిన పరిహారం కోరవచ్చునని పశ్చిమ బెంగాల్ ప్రభుత్వం, బి.కె. మండల్ అండ్ సన్స్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. అదనపు పనికి రాతపూర్వక ఉత్తర్వు తీసుకోవడం మాత్రం అన్ని విధాలా క్షేమం.

మూడేళ్ల గడువు

చెల్లింపునకు నిర్ణీత తేదీ లేని పనికి, పని పూర్తయిన నాటి నుంచి మూడేళ్లలోగా దావా వేయాలని కాలపరిమితి చట్టం, 1963 చెబుతోంది. అదే చట్టం ప్రభుత్వం తానుగా వేసే దావాలకు 30 ఏళ్ల గడువు ఇచ్చింది. గడువు ముగియకముందే బకాయిని అంగీకరిస్తూ అధికారి సంతకంతో లేఖ ఇస్తే, ఆ తేదీ నుంచి గడువు మళ్లీ మొదలవుతుంది. గుత్తేదారు పదేపదే పంపే వినతిపత్రాలకు మాత్రం ఆ శక్తి లేదు. బి.ఎస్.ఎన్.ఎల్., నోర్టెల్ నెట్‌వర్క్స్ కేసులో 2014 ఆగస్టులో క్లెయిమును తిరస్కరించగా, ఆర్బిట్రేషన్ కోరుతూ నోటీసు 2020 ఏప్రిల్‌లో వచ్చింది. మధ్యలో ఐదున్నరేళ్లకు పైగా గడిచినందున ఆ క్లెయిము కాలదోషం పట్టినదని 2021 మార్చిలో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది.

నోటీసు, మీడియేషన్, దావా

ప్రభుత్వంపై సివిల్ దావాకు ముందు సివిల్ ప్రొసీజర్ కోడ్ 80వ సెక్షన్ కింద రెండు నెలల నోటీసు ఇవ్వాలి. పని వివరాలు, బకాయి మొత్తం, కోరుతున్న ఉపశమనం అందులో ఉండాలి. అత్యవసర ఉపశమనం అవసరమైతే కోర్టు అనుమతితో నోటీసు లేకుండానే దావా వేయవచ్చు. నోటీసు కాలం గడువు లెక్కలో చేరదు. నిర్మాణ ఒప్పందాలు వాణిజ్య వివాదాల కిందకు వస్తాయి. విలువ మూడు లక్షల రూపాయలు, ఆపైన ఉంటే వాణిజ్య న్యాయస్థానాల చట్టం వర్తిస్తుంది. అత్యవసర ఉపశమనం కోరని దావాలకు ముందుగా మీడియేషన్ తప్పనిసరి.

ఒప్పందంలో ఆర్బిట్రేషన్ నిబంధన ఉంటే ముందుగా ఆ మార్గమే. అవతలి పక్షానికి ఆ నోటీసు చేరిన రోజే ఆర్బిట్రేషన్ మొదలైనట్లు లెక్క. కేంద్ర ఆర్థిక మంత్రిత్వ శాఖ 2024 జూన్‌లో ఇచ్చిన మార్గదర్శకాలు పెద్ద కొనుగోలు ఒప్పందాలలో ఆర్బిట్రేషన్‌ను యాంత్రికంగా చేర్చవద్దనీ, పది కోట్ల రూపాయల లోపు వివాదాలకు పరిమితం చేయాలనీ సూచించాయి. అందువల్ల సంతకానికి ముందే వివాద పరిష్కార నిబంధనను చదవడం అవసరం.

చిన్న పరిశ్రమలకు ప్రత్యేక రక్షణ

నమోదైన సూక్ష్మ, చిన్న పరిశ్రమల సరఫరాదారులకు 2006 నాటి ఎం.ఎస్.ఎం.ఇ. అభివృద్ధి చట్టం 45 రోజులకు మించని చెల్లింపు గడువు కల్పించింది. ఆలస్యమైతే రిజర్వు బ్యాంకు బ్యాంకు రేటుకు మూడింతల వడ్డీని నెలవారీ చక్రవడ్డీగా చెల్లించాలి. వివాదాన్ని ఫెసిలిటేషన్ కౌన్సిల్ ముందుంచవచ్చు. కౌన్సిల్ అవార్డును సవాలు చేసే కొనుగోలుదారు 75 శాతం సొమ్ము డిపాజిట్ చేయాలి. అయితే నిర్మాణ పనుల ఒప్పందాలకు ఈ చట్టం ఎంతవరకు వర్తిస్తుందన్న విషయంలో హైకోర్టుల అభిప్రాయాలు ఒక్కటిగా లేవు.

హైకోర్టులో రిట్

బకాయి మొత్తాన్ని ప్రభుత్వమే అంగీకరించి, చెల్లింపును మాత్రం ఆపితే, 226వ అధికరణం కింద హైకోర్టును ఆశ్రయించే అవకాశం ఉంటుంది. పుదుచ్చేరి మద్రాసు హైకోర్టు పరిధిలోనిది. పని నాణ్యతపైనో, కొలతలపైనో వివాదం ఉంటే సాక్ష్య విచారణ అవసరం కనుక సాధారణంగా దావా లేదా ఆర్బిట్రేషన్ మార్గమే మిగులుతుంది. ఆంధ్రప్రదేశ్‌లో ఉపాధి హామీ పథకం పనుల బకాయిలను 12 శాతం వడ్డీతో చెల్లించాలని 2021 అక్టోబరులో ఆ రాష్ట్ర హైకోర్టు ఆదేశించింది.

'ఇక బాకీ లేదు' అనే సంతకం

చివరి బిల్లు ఇచ్చే ముందు, మరే క్లెయిమూ లేదన్న పత్రంపై సంతకం అడగడం పరిపాటి. ఒత్తిడితో చేసిన సంతకం వివాదానికి తెర దించదని ఎన్.టి.పి.సి., రేష్మి కన్‌స్ట్రక్షన్స్ కేసులో 2004లో సుప్రీంకోర్టు తేల్చింది. ఆ కేసులో గుత్తేదారు వెంటనే రాతపూర్వకంగా నిరసన తెలిపాడు. కోర్టు ముందు నిలిచేది అటువంటి ఆధారమే.

తీర్పు తరువాత

అవార్డును సవాలు చేసినంత మాత్రాన 2015 సవరణ తరువాత అమలు దానంతట అదే ఆగదు. స్టే విషయంలో ప్రభుత్వానికి ప్రత్యేక మినహాయింపు లేదని 2019లో పామ్ డెవలపర్స్ కేసులో సుప్రీంకోర్టు పేర్కొంది. సివిల్ డిక్రీ అయితే, అది వెలువడిన తేదీ నుంచి మూడు నెలలు గడిచినా సొమ్ము చెల్లించకపోతేనే ప్రభుత్వంపై అమలు చర్యలు మొదలవుతాయి.

టెండరు ఒప్పందం, పని ఉత్తర్వు, ఎం-బుక్కు నకలు, పని పూర్తయినట్లు ధ్రువపత్రం, బిల్లు అందజేసిన రసీదు, అధికారుల జవాబులు తేదీల వారీగా భద్రపరచుకున్న గుత్తేదారుకు ఈ మార్గాలన్నీ తెరిచే ఉంటాయి. బిల్లు ఆగిన రోజును కాక, గడువు ముగిసే రోజును ముందుగా గుర్తుపెట్టుకోవాలి.