ద్విపద దారిన నడిచిన నిర్మాత

1987 జనవరి 25, ఆదివారం. దూరదర్శన్‌లో రామానంద సాగర్ ‘రామాయణ్’ మొదలైన రోజు. నేను తెలుగు పండితునిగా ఉద్యోగంలో చేరిన కొత్త. వీధి మొత్తానికీ ఒక్కటే టీవీ. హిందీ ముక్క రాని పెద్దలు సైతం దాని ముందు చేతులు జోడించి కూర్చుంటే, వాల్మీకం చదివినవాడికి ఈ బొమ్మలాట దేనికని ముఖం చిట్లించుకున్నాను.

ఆ నిర్మాత చరిత్ర నాకు ఆలస్యంగా తెలిసింది. 1917లో లాహోరు సమీపాన జన్మించాడు. పుట్టినప్పటి పేరు చంద్రమౌళి. దత్తత తీసుకున్న అమ్మమ్మ రామానందుడని మార్చింది. 1932లో ఒక మూకీ చిత్రానికి క్లాప్ కొట్టే కుర్రవాడు. దేశవిభజన ఘోరాన్ని కళ్ళారా చూచి 1948లో ‘ఔర్ ఇన్సాన్ మర్ గయా’ నవల వ్రాశాడు. ‘మనిషి చచ్చిపోయాడు’ అని దాని అర్థం. 1949లో రాజ్ కపూర్ ‘బర్సాత్’కు కథ అందించి, మరుసటి యేడు సాగర్ ఆర్ట్స్ స్థాపించాడు. ‘ఆర్జూ’ (1965), ‘ఆంఖేఁ’ (1968) ఆయన నిర్మించి దర్శకత్వం వహించినవే.

అంతటివాడు అరవయ్యేళ్ళు దాటాక వెండితెర విడిచి ఇంటింటి చిన్న పెట్టెను ఆశ్రయించాడు. మొదట ‘విక్రమ్ ఔర్ బేతాల్’, పిమ్మట ‘రామాయణ్’. గుజరాతులోని ఉమర్‌గావ్‌లో అయోధ్యను నిలిపాడు. 52 భాగాలనుకున్నది 78 అయి, 1988 జూలై 31న ముగిసింది. ఉత్తరకాండ కూడా కావాలని పంజాబులో పారిశుద్ధ్య కార్మికులు సమ్మె కట్టారు. ఆయన అదీ తీశాడు.

నా అహం విరిగింది మాత్రం వేరొక చోట. ఒక ఆదివారం ఏదో పనిమీద ఆ ఇంటికి వెళ్ళి నిలబడ్డాను. ఆరంభంలో ఆధార గ్రంథాల పేర్లు వస్తున్నాయి. వాల్మీకి, తులసీదాసు, కంబడు, కృత్తివాసుల సరసన మన రంగనాథ రామాయణం! పదమూడవ శతాబ్దిలో గోన బుద్ధారెడ్డి చెప్పిన ద్విపద. చంపూకావ్యాల ముందు ద్విపదను చిన్నచూపు చూడడం మా పండితులకు అలవాటు. అది పాడుకొనే జనానిది కదా! సినిమా ముందు టీవీకీ అప్పట్లో అదే గతి. పదిమందికీ చేరే దారి ఏదో బుద్ధారెడ్డికి తెలుసు, సాగర్‌కూ తెలుసు. తెలియనివాణ్ణి నేనే.

మర్నాడు తరగతిలో రంగనాథ రామాయణం పేరు విన్నారా అని అడిగాను. ఒక్క చెయ్యీ లేవలేదు. తప్పు వాళ్ళది కాదు. ఆ రోజు పాఠం పక్కన పెట్టి, అందులోని ఉడుత భక్తి ఘట్టం చదివాను. గంట కొట్టినా పిల్లలెవరూ లేవలేదు.