డోర్నకల్ బిషప్ అజరయ్య: ముప్పై రెండేళ్ల ఏకైక పీఠం

వేదనాయగం శామ్యూల్ అజరయ్య (1874–1945) ఆంగ్లికన్ చర్చిలో బిషప్ పదవిని అందుకున్న తొలి భారతీయుడు. పుట్టుకతో తమిళుడైనా తన జీవితంలోని ఉత్తరార్ధమంతా తెలుగు పల్లెల నడుమనే గడిపారు. 1912 నుంచి 1945లో కన్నుమూసేవరకు ఆంగ్లికన్ అధ్యక్ష మండలానికి అధిపతిగా వ్యవహరించిన భారతీయుడు ఆయన ఒక్కరే. ఈ రెండో విషయం మొదటిదాని కన్నా ఆలోచింపజేసేది.

1874 ఆగస్టు 17న తిరునల్వేలి ప్రాంతంలోని వెల్లాలన్‌విలై గ్రామంలో ఆయన జన్మించారు. తండ్రి థామస్ వేదనాయగం ఆ ఊరి చర్చి గురువు. తండ్రి ముందుగానే మరణించడంతో తల్లి ఎల్లెన్ పెంపకంలో ఎదిగారు. మద్రాసు క్రైస్తవ కళాశాలలో గణితం చదివినా పట్టా పుచ్చుకోలేదు. 1895లో వై.ఎం.సి.ఎ. కార్యదర్శిగా చేరి దక్షిణాదిన విస్తృతంగా పర్యటించారు. 1898లో అన్బు మరియమ్మాళ్‌ను వివాహమాడారు. ఆ రోజుల్లో కళాశాల చదువు చదివిన అతికొద్దిమంది మహిళల్లో ఆమె ఒకరు.

1902లో చేసిన జాఫ్నా యాత్ర ఆయన ఆలోచనను మలుపు తిప్పింది. అక్కడి తమిళ క్రైస్తవులు తమ సొంత ఖర్చుతో ప్రచారకులను పంపుతున్నారు. తిరునల్వేలి క్రైస్తవులు మాత్రం విదేశీ మిషన్లపైనే ఆధారపడి ఉన్నారు. మరుసటి ఏడాదే భారతీయుల ధనంతో, భారతీయుల నిర్వహణలో నడిచే తిరునల్వేలి ఇండియన్ మిషనరీ సొసైటీ ఏర్పడింది. 1905 డిసెంబరు 25న శ్రీరాంపూర్‌లో నేషనల్ మిషనరీ సొసైటీ వెలిసింది. రెండింటి స్థాపనలోనూ అజరయ్య ప్రముఖులు. మొదటి సంస్థ తన కార్యక్షేత్రంగా నిజాం రాజ్యంలోని మానుకోట, డోర్నకల్ ప్రాంతాన్ని ఎంచుకుంది. ఇతరులను పంపి తాము పట్నంలో ఉండిపోవడం సరికాదనుకున్న అజరయ్య 1909లో గురుత్వ దీక్ష స్వీకరించి, తెలుగు నేర్చుకుని స్వయంగా డోర్నకల్ చేరారు.

మరుసటి ఏడాది ఎడింబరోలో జరిగిన ప్రపంచ మిషనరీ మహాసభలో ఆయన చేసిన ప్రసంగం సభను కుదిపివేసింది. మిషనరీలు ఆస్తులను, ప్రాణాలను ధారపోశారని అంగీకరిస్తూనే, భారతీయ సహచరులతో ఒక్క పూట భోజనం పంచుకోని దొరతనాన్ని ఎత్తిచూపారు. తమకు కావలసింది స్నేహమేనని కోరారు. కొందరు చప్పట్లు కొట్టారు, మరికొందరు నొచ్చుకున్నారు. మద్రాసు బిషప్ హెన్రీ వైట్‌హెడ్ మాత్రం ఆయన పక్షాన నిలిచారు.

ఒక భారతీయుడి కింద యూరోపియన్ గురువులు పనిచేస్తారా అన్న సందేహం బలంగా ఉండేది. అభ్యంతరం విదేశీయులకే పరిమితం కాలేదు, స్వదేశీయుల్లోనూ వెనుకాడినవారున్నారు. వైట్‌హెడ్ పట్టుదల ఫలించి 1912 డిసెంబరు 29న కలకత్తాలోని సెయింట్ పాల్స్ కెథడ్రల్‌లో అజరయ్యకు బిషప్ అభిషేకం జరిగింది. అప్పటికాయన వయస్సు 38 ఏళ్లు. అప్పగించిన అధ్యక్ష మండలం చాలా చిన్నది. తదుపరి దశకంలో బ్రిటిష్ ఆంధ్రలోని కృష్ణా తదితర ప్రాంతాలు అందులో కలిశాయి. ఆయన చివరి రోజులనాటికి మండలంలోని క్రైస్తవుల సంఖ్య రెండు లక్షలు దాటింది. వారిలో అత్యధికులు మాల, మాదిగ కుటుంబాలవారు.

అజరయ్య ఎడ్లబండిపై ఊరూరా తిరిగేవారు. మురికి, రోగం, అప్పు, తాగుడు అనే నాలుగు శత్రువులపై పోరాడమని పల్లెవాసులకు బోధించేవారు. పల్లె బడులకు ఉపాధ్యాయులను తయారుచేశారు. ఆరాధనలో తెలుగు కీర్తనలకు, భజనలకు చోటు కల్పించారు. డోర్నకల్‌లో ఆయన కట్టించిన ఎపిఫనీ కెథడ్రల్ ఇంగ్లండు చర్చికి నకలు కాదు. గుమ్మటాలు మసీదును, స్తంభాలు దేవాలయ మండపాన్ని తలపిస్తాయి. ఏళ్ల తరబడి సాగిన నిర్మాణం ముగిసి 1939 జనవరి 6న దాని ప్రతిష్ఠ జరిగింది.

1930వ దశకంలో ఆయన దేశ రాజకీయాల నడుమ నిలవవలసి వచ్చింది. 1932లో క్రైస్తవులకు ప్రత్యేక నియోజకవర్గాలు దక్కినప్పుడు వాటిని వ్యతిరేకించారు. మతసంఘం రాజకీయ వర్గంగా మారకూడదన్నది ఆయన వాదన. అయితే 1935లో అంబేడ్కర్ తాను హిందువుగా మరణించనని ప్రకటించాక సామూహిక మతమార్పిడులపై చర్చ వేడెక్కింది. ఆ చర్చలో మహాత్మా గాంధీతో అజరయ్యకు తీవ్ర విభేదం తలెత్తింది. నిరుపేదలు మతసారాన్ని గ్రహించి మారడంలేదని గాంధీజీ భావించగా, వారి మార్పుకు వారి జీవితాలే సాక్ష్యమని అజరయ్య చూపించారు. దళితులు తమ నిర్ణయం తామే తీసుకోగలరా అన్న ప్రశ్న ఈ వివాదానికి మూలం. ఇద్దరూ విదేశీ ఆధిపత్యాన్ని ప్రశ్నించినవారే కావడం గమనార్హం.

చర్చి శాఖలు ఏకం కావాలన్నది ఆయన చిరకాల స్వప్నం. 1919 మేలో తరంగంబాడి సమావేశానికి అధ్యక్షత వహించి ఆ సంప్రదింపులకు నాంది పలికారు. చీలికలు పాశ్చాత్య చరిత్ర నుంచి దిగుమతి అయినవని, తెలుగు పల్లెలో వాటికి అర్థమే లేదని ఆయన అభిప్రాయం. ఆ చర్చలు దాదాపు మూడు దశాబ్దాలు సాగాయి. 1945 జనవరి 1న డోర్నకల్‌లో అజరయ్య తుదిశ్వాస విడిచారు. ఆయన తరువాత పీఠం ఏ.బి. ఇలియట్‌కు దక్కింది. 1947 సెప్టెంబరు 27న మద్రాసులోని సెయింట్ జార్జ్ కెథడ్రల్‌లో దక్షిణ ఇండియా సంఘం ఆవిర్భవించినప్పుడు డోర్నకల్ అధ్యక్ష మండలం అందులో భాగమైంది.