‘రాత్రి, పొగమంచు’ చిత్రమున బాధ్యతా ప్రశ్న

అపరాధమును విచారించుటకు బూనిన కృతియే యొక యపరాధమును దాచవలసివచ్చుట చలనచిత్ర చరిత్రలో నొకమారు సంభవించినది. అలెఁ రెనే దర్శకత్వమున 1955లో తయారైన ‘రాత్రి, పొగమంచు’ అను 32 నిమిషముల ఫ్రెంచి లఘుచిత్రమును గూర్చి మే మిట్లనుచున్నాము. నాజీల నిర్బంధశిబిరములు దీని విషయము. ప్రతిఘటించినవారిని జాడ తెలియకుండ మాయము చేయుమని హిట్లరు 1941 డిసెంబరు 7న చేసిన శాసనమునకు గల పేరే చిత్రమునకును పెట్టబడినది.

దీని పద్ధతి యపూర్వము. గడ్డి మొలచిన ఆష్విట్జ్, మైదానెక్ శిబిరభూములపై కెమేరా రంగులలో మెల్లగా సాగుచుండును. నడుమ నడుమ నలుపు తెలుపుల పాత ఛాయాచిత్రములు, వార్తాచిత్రపు తునుకలు వచ్చి యడ్డు నిలుచును. వ్యాఖ్యానము వ్రాసిన ఝాఁ కేరోల్ మౌత్‌హౌజెన్ - గూసెన్ శిబిరమున బందీయై బ్రదికి వచ్చిన కవి. హాన్స్ ఐస్లర్ కూర్చిన సంగీతము దృశ్యము ఘోరమైనకొలది మెత్తబడును. ఏడిపించు వాద్యములకు అలవాటుపడిన చెవికిది మొదట కొఱతగా దోచవచ్చును.

చివర కాపో, అనగా బందీలనుండియే నియమింపబడిన కావలివాడు, తాను బాధ్యుడను కానని చెప్పును. అధికారియు నట్లే చెప్పును. అట్లయిన బాధ్యు డెవడని వ్యాఖ్యాత యడుగును.

ఈ ప్రశ్న నడిగిన చిత్రమునకే విడుదలకు ముందు ఫ్రెంచి సెన్సారువారు అడ్డు చెప్పిరి. ఫ్రాన్సులోని యొక శిబిరపు ఛాయాచిత్రమున కావలివాని శిరస్సుపై ‘కెపీ’ యను ఫ్రెంచి రక్షకభటుల టోపి కానవచ్చుచుండెను. దానిపై దూలమువలె రంగు పూసి కప్పిరి. 1956లో కాన్ చిత్రోత్సవపు పోటీనుండి చిత్రమును తప్పించినది మాత్రము పశ్చిమ జర్మను ప్రభుత్వపు అభ్యంతరము.

టోపి సంగతిని స్వల్పవిషయముగా నెంచువారితో మే మేకీభవింపజాలము. 1942 జూలై 16, 17 తేదీలలో పారిసునందును దాని పరిసరములందును సుమారు 13,000 మంది యూదులను పట్టి యిచ్చినది ఫ్రెంచి పోలీసులే. కావున వ్యాఖ్యాత యడిగిన ప్రశ్నకు సమాధానములో నొక భాగము ఆ రంగుపూత క్రిందనే యుండెను. అయితే లోపమంతయు సెన్సారుదే యనుటయు న్యాయము కాదు. హతులలో నత్యధికులు యూదులని వ్యాఖ్యానము చెప్పదు. ఆ జాతినామమే దానిలో మిక్కిలి యరుదు. ఈ మౌనమునకు రెనే, కేరోల్ ఉత్తరవాదులు.

ఫ్రెంచి రాజ్యపు బాధ్యతను అధ్యక్షుడు ఝాక్ షిరాక్ 1995 జూలై 16న బహిరంగముగ నంగీకరించెను. చిత్రపు పునరుద్ధరింపబడిన ప్రతులలో నిప్పుడు దూలము లేదు, టోపి కనబడుచున్నది.