తెర మీద మా ఇల్లు

మా వెంకటగిరికోట నుంచి కాస్త దూరం పోతే చాలు, రాష్ట్రం మారిపోతుంది. ఒక పక్క కర్ణాటక, ఒక పక్క తమిళనాడు. ఇంట్లో ఉర్దూ, అంగట్లో తెలుగు, సంతలో అన్నీ. సినిమా ఏ భాషదైనా మాకొకటే. అందులో మేం ఎట్లా కనిపిస్తామన్నదే మా లెక్క.

అందుకే హీరోల సంగతి వదిలేసి, తెర మీద మా ఇళ్ళు కట్టే మనిషి గురించి రాస్తున్నా. ఆయన సాబు సిరిల్. తమిళనాడులోని వాల్పారైలో పుట్టిన మలయాళీ, ముస్లిం కాదు. మద్రాసు ఆర్ట్ కాలేజీలో చదివాడు. కళా దర్శకుడిగా నాలుగు జాతీయ అవార్డులు తెచ్చుకున్నాడు: ‘తేన్మావిన్ కొంబత్తు’, ‘కాలాపానీ’, ‘ఓం శాంతి ఓం’, మనకు ‘రోబో’గా వచ్చిన ‘ఎందిరన్’. మాహిష్మతిని కట్టింది కూడా ఆయనే.

నాకు మాత్రం ముందు గుర్తొచ్చేది 2000లో వచ్చిన ‘హే రామ్’. 1946 కలకత్తా, 1948 ఢిల్లీ. కొత్తగా వేసిన గోడని ముప్పై ఏళ్ళ కింద సున్నం కొట్టినట్టు చూపించడమే సెట్టు పని. రంగు పూయాలి, మసి రుద్దాలి, పెచ్చులూడగొట్టాలి. ఆ పనిలో సిరిల్‌కి వంక పెట్టలేం. అయితే ఆ గోడల మధ్య ఎవర్ని నిలబెట్టారు? ఇంటికి తెలిసిన దర్జీ అల్తాఫ్ హంతకుడయ్యాడు. ప్రాణస్నేహితుడు అమ్జద్ ప్రాణమిచ్చి మంచోడనిపించుకున్నాడు. చంపేవాడు, చచ్చేవాడు. ఊరికే అంగడి తెరుచుకుని, సాయంత్రం మూసుకుని ఇంటికి పోయే సాయిబు కథకి పనికిరాడు. సెట్టు వేసినవాడిది కాదు ఆ తప్పు. కథ రాసేవాడు అడిగిన ఇల్లే ఆయన కడతాడు.

2010లో ఆయన గోడ ముందుకొచ్చాడు. ‘రోబో’లో చిన్న వేషం వేశాడు. మర మనుషుల్ని కొనే టెర్రరిస్టు ముఠాకీ, సైంటిస్టు బోరాకీ మధ్య నడిచే మనిషి. ఆ వేషానికి పెట్టిన పేరు షా. షా అని గుజరాతీ కోమట్లకీ ఉంటుంది, దర్గా దగ్గర ఫకీరుకీ ఉంటుంది. నిజం చెప్పాలంటే ఏ షానో సినిమా తేల్చలేదు. హాల్లో నా పక్కన కూర్చున్నవాళ్ళకి ఆ అనుమానమే రాలేదు. టెర్రరిస్టు అన్న మాట పక్కన షా అంటే ఇంకెవరు? మేం కూడా అట్లాగే అనుకున్నాం. అదీ నాకు నొప్పి.

మా వీధి ఇళ్ళల్లో ఏముంటుందో చెబుతా. వసారాలో పట్టుపురుగుల చంద్రికలు, గోడకి తెలుగు క్యాలెండరు, పక్కనే మక్కా ఫోటో, మూల టమాటా బుట్టలు. పచ్చ తెరలూ లేవు, అత్తరు సీసాలూ లేవు. కెమెరాకి ఇది ముస్లిం ఇల్లులా కనపడదు.

తర్వాత ‘ఆర్ ఆర్ ఆర్’. దానికీ సెట్లు సిరిల్‌వే. కథ 1920ల ఢిల్లీ. కొమురం భీమ్ అఖ్తర్ అనే మెకానిక్కుగా వేషం మార్చి, ఒక ముస్లిం కుటుంబంలో తలదాచుకుంటాడు. అన్నం పెట్టే ఇల్లుగా మా ఇల్లు కనిపించడం అరుదు, కాదనను. కానీ చూడండి, అఖ్తర్ అనే మనిషే లేడు. టోపీ దాక్కోవడానికి, సుర్మా దాక్కోవడానికి.

2020 అక్టోబరులో టీజర్ రాగానే గొడవయింది. నిజాం మీద పోరాడి 1940లో జోడేఘాట్‌లో ప్రాణమిచ్చిన గోండు వీరుడికి టోపీ ఏందని. గోండుల బాధ గోండులది, దాన్ని తక్కువ చేయను. ఆ బాధ ఎత్తుకుని గొంతు చించుకున్న మిగతావాళ్ళకి మాత్రం టోపీయే మైలలాగా కనపడింది. దాన్ని మారువేషంగానే ఎందుకు వాడుకుంటారని అడిగినవాడు నాకు ఒక్కడూ తగల్లేదు.

2022 మార్చిలో సినిమా వచ్చింది. టోపీ అట్లాగే ఉంది. మా పిల్లలు ఈలలేశారు. నేను గోడలు చూస్తూ కూర్చున్నా. పెచ్చులు బాగా ఊడగొట్టాడు.