ప్రొవిదెన్సియా గుట్ట మీద ఒక పూట

"ఫవేలా" అన్న మాట ఇవాళ ఆంగ్ల నిఘంటువులకు కూడా ఎక్కింది. బ్రెజిల్ నగరాలలో కొండవాలు మీద వెలసిన పేదల వాడ అని దానికి అర్థం చెబుతారు. ఆ మాట మొదట ఒక మొక్క పేరనీ, ఆ మొక్క వల్ల ఒక కొండకు పేరయిందనీ, ఒక యుద్ధం ముగిశాక సైనికుల నోట వెయ్యి కిలోమీటర్లకు పైగా ప్రయాణం చేసి రియో డి జనీరోలో మరొక గుట్టకు అంటుకుందనీ మనలో ఎక్కువమందికి తెలియదు. ఆ రెండో గుట్టను 2018 జూలైలో ఒక పూటంతా ఎక్కి దిగాను. అక్కడే పుట్టి పెరిగిన ఒకావిడ నాకు దారి చూపించింది. అప్పటినుండీ రాయాలనుకుంటున్నదే ఇది.

నిజం చెప్పాలంటే వెళ్ళడానికి ముందు చాలా తటపటాయించాను. రియోలో పేదవాడలను యాత్రికులకు చూపించే వ్యాపారం 1992 ప్రాంతంలో రొసీన్యా అనే పెద్ద ఫవేలాలో మొదలయింది. పైకప్పు లేని జీపులలో కూర్చుని, కింద నడిచే మనుషులను అడవి జంతువులను చూసినట్టు చూసి వెళ్ళిపోయే యాత్రల గురించి చదివి ఉన్నాను. ఇతరుల లేమి నాకు వినోదమెలా అవుతుందన్న ప్రశ్న వేధించింది. ఆ వాడలో ఉండేవాళ్ళే తమ చరిత్ర చెబుతూ నడిపిస్తారని, ఇచ్చిన డబ్బు కూడా అక్కడే ఉంటుందని తెలిశాక ధైర్యం చేశాను.

సెంత్రల్ దో బ్రసీల్ రైల్వేస్టేషన్ గడియార స్తంభం కింద ఆవిడ నాకోసం నిలుచుని ఉంది. యాభై దాటిన మనిషి. కనబడినవారంతా "దోనా" అని పలకరిస్తున్నారు. మన వైపు "అమ్మగారూ" అన్నట్టు అది గౌరవవాచకం. నేనూ అలాగే పిలిచాను. ఆవిడ నన్ను "నాయనా" అన్న అర్థం వచ్చే మాటతో పిలిచింది. బయలుదేరేముందు రెండే నియమాలు చెప్పింది. గుమ్మాలలో కూర్చున్నవారిని అడగకుండా ఫోటో తీయరాదు. తాను చెయ్యెత్తితే కెమెరా జేబులోకి పోవాలి, ఎందుకని అడగరాదు.

ఆ ఏడాది ఫిబ్రవరి నుండి డిసెంబరు వరకు రియో రాష్ట్ర భద్రతను కేంద్ర ప్రభుత్వం సైన్యానికి అప్పగించింది. సైనిక ప్రధాన కార్యాలయపు పెద్ద భవనం ఆ స్టేషను పక్కనే ఉంది. దాని వెనకనుండే గుట్ట మొదలవుతుంది. ఆవిడ ఆ భవనాన్ని చూపించి, "మా కథ ఇక్కడ మొదలవుతుంది" అంది.

ఆ కథ ఇది. బ్రెజిల్‌లో బానిసత్వం 1888 మే 13న రద్దయింది. మరుసటి ఏడు నవంబరులో చక్రవర్తిని తొలగించి గణతంత్రాన్ని ప్రకటించారు. ఈశాన్యాన బయియా రాష్ట్రపు మెట్టసీమలో అంతోనియో కొన్సెల్యేరో అనే సంచార భక్తుడు 1893లో కనూదోస్ అనే చోట ఒక ఊరు కట్టాడు. భూమి లేనివారు, మాజీ బానిసలు, కరువుకు తాళలేని రైతులు వేలాదిగా అక్కడికి చేరారు. అతడు కొత్త గణతంత్రపు పన్నులను, పౌర వివాహాన్ని ఒప్పుకోలేదు. రాచరికాన్ని తిరిగి తేవడానికి కుట్ర జరుగుతోందని రాజధానిలో పుకారు లేచింది. 1896 నవంబరు నుండి సైన్యం నాలుగు దండయాత్రలు చేసింది. మూడవ దండుకు నాయకుడైన కర్నల్ మొరేరా సెజార్ అక్కడే హతమయ్యాడు. నాలుగవ దండు ఫిరంగులతో ఊరిని చుట్టుముట్టి 1897 అక్టోబరు 5న నేలమట్టం చేసింది. ఈ యుద్ధాన్ని పత్రికా విలేఖరిగా చూసిన యూక్లిదెస్ ద కున్యా 1902లో "ఉస్ సెర్తోయెన్స్" అనే గ్రంథం రాశాడు. బ్రెజిల్ సాహిత్యంలో అది మూలస్తంభం.

ముట్టడి కాలంలో సైన్యం దిగిన ఒక కొండ పేరు ఫవేలా. మన దురదగొండిలా తాకితే మంటపెట్టే నూగున్న ఫవేలా మొక్కలు అక్కడ విరివిగా ఉండటం వల్ల ఆ పేరు వచ్చింది. యుద్ధం నుండి రియోకు తిరిగివచ్చిన సైనికులు బకాయి జీతాలకోసం, ఇస్తామన్న ఇళ్ళకోసం యుద్ధ మంత్రిత్వశాఖ చుట్టూ తిరిగారు. తిరిగి తిరిగి వెనకనున్న గుట్ట మీద గుడిసెలు వేసుకున్నారు. ప్రొవిదెన్సియా అన్న గుట్ట, అంటే దైవకృప, జనం నోట "ఫవేలా గుట్ట" అయింది. తరువాతి దశాబ్దాలలో ఆ పేరు అలాంటి ప్రతి వాడకూ సామాన్యనామమయింది.

ఇదంతా ఆవిడ మెట్లెక్కుతూ, మధ్యమధ్య ఆయాసం తీర్చుకుంటూ చెప్పింది. భూమి లేనివారి ఊరిని కాల్చి వచ్చిన సైనికులు రాజధానిలో తామే నిలువనీడ లేనివారయ్యారన్న సంగతి నేను పుస్తకాలలో చదివినదే. అయినా ఆ మంత్రిత్వశాఖ కప్పును కాళ్ళ కింద చూస్తూ వినడం వేరు.

ఇక్కడ నేనొక పొరపాటు చేశాను. చదివి వచ్చానన్న అహం కావచ్చు. "సైనికుల కంటే ముందే ఇక్కడ గుడిసెలున్నాయంటారు కదా?" అన్నాను. నేనన్నదానికి ఆధారముంది. ఈ గుట్ట పాదంలో "కబేసా దె పోర్కు", అంటే "పంది తల", అనే పెద్ద అద్దె గదుల సముదాయం ఉండేది. 1893 జనవరి 26 రాత్రి నగరాధిపతి బరాతా రిబేరో పారిశుద్ధ్యం పేరు చెప్పి దానిని కూల్పించాడు. వీధిన పడ్డవారిని పనికొచ్చే కలప ఏరుకుపొమ్మన్నారు. ఆ కలపే గుట్ట మీద మొదటి గుడిసెలకు నిట్రాడ అయివుండవచ్చునని చరిత్రకారుడు సిద్నీ షలూబ్ సూచించాడు. లీసియా వలదారెస్ 2005లో వెలువరించిన గ్రంథంలో కనూదోస్ కథ ఫవేలాకు "మూలపురాణం"గా ఎలా స్థిరపడిందో వివరించింది.

ఆవిడ నొచ్చుకోలేదు. ఒక మెట్టు మీద కూర్చుని, నన్ను కూర్చోమంది. "మా అమ్మమ్మ కూడా అదే చెప్పేది. ముందొచ్చినవాళ్ళు ఇళ్ళు పోయినవాళ్ళు. ఇల్లు పోయినవాడి కథ ఎవరు వింటారు నాయనా? సైనికుడికైతే బాకీ ఉంది. ప్రభుత్వం మాట ఇచ్చి తప్పింది. బాకీ ఉన్నవాడి కథే నిలుస్తుంది" అంది.

ఆ మాట నన్ను చాలాసేపు మాట్లాడనివ్వలేదు. పురాణమా, చరిత్రా అని నేను తూకం వేస్తున్నాను. ఆ వాడవారికి అది దస్తావేజు. పట్టా లేనివారు తమ హక్కుకు ఆధారంగా చూపుకోగలిగిన ఒకే ఒక్క కాగితం ఆ కథ. అందుకని 1893 నాటి కూల్చివేతను మరచిపోవాలని నేననను. రెండూ కలిపి చూస్తేనే ఈ గుట్ట అర్థమవుతుంది. నగరం ఒక చేత్తో ఇళ్ళు కూల్చింది, మరొక చేత్తో ఇస్తానన్న ఇళ్ళు ఇవ్వలేదు. 1902 తరువాత నగరాధిపతి పెరేరా పాసోస్ పారిస్ నమూనాలో విశాల వీధులు వేయిస్తూ నడిబొడ్డున వందల ఇళ్ళు పడగొట్టించాడు. పనిచోటికి దగ్గరగా ఉండవలసిన కూలీలకు ఎక్కడానికి మిగిలింది గుట్టలే.

పైకి వెళ్ళేకొద్దీ దారి సన్నబడింది. ఇద్దరు ఎదురైతే ఒకరు గోడకు ఒదగాలి. ఇళ్ళన్నీ ఇటుక, సిమెంటు. చాలా కప్పుల మీద ఇనుప ఊచలు ఆకాశం వైపు నిలబడి ఉన్నాయి. మన ఊళ్ళలోనూ చూస్తుంటాం, పై అంతస్తు ఎప్పటికైనా వేస్తామన్న ఆశతో వదిలే ఊచలు. ఇక్కడ శ్లాబును "లాజి" అంటారు. కింది ఇంటివారు తమ శ్లాబు మీది చోటును కొడుక్కో కూతురికో ఇస్తారు, లేదా అమ్ముతారు. వాడలలో ఏనాటినుండో నడుస్తున్న ఈ ఆచారాన్ని బ్రెజిల్ చట్టం 2017లో "లాజి హక్కు" పేరుతో గుర్తించింది. శ్లాబు వేసే రోజున ఇరుగుపొరుగులు వచ్చి చెయ్యివేస్తారు, ఇంటివారు అందరికీ భోజనం పెడతారు. తన ఇల్లు కట్టినవాడిని ఆవిడ "మెస్త్రి" అంటుంటే ఉలిక్కిపడ్డాను. మన "మేస్త్రి" పోర్చుగీసువారి ఓడలలో దిగిన మాటేనని చదివి ఉన్నాను. చదవడం వేరు, రియో గుట్ట మీద ఒక గృహిణి నోట వినడం వేరు. మా భాషలోనూ ఇల్లు కట్టేవాడిని అలాగే అంటామని చెబితే ఆవిడ పకపకా నవ్వింది.

ఆ నవ్వు అమెరికు బ్రూమ్ కూడలి చేరేదాకా ఉంది. ఒకప్పుడు పిల్లలు ఆడుకోవడానికి గుట్ట మీద ఉన్న కొద్దిపాటి చదును అదే. ఒలింపిక్ క్రీడలకు ముందు ఓడరేవు ప్రాంతాన్ని పునరుద్ధరించే రోజులలో అక్కడ రోప్‌వే స్టేషను కట్టారు. 2014 జూలైలో ప్రారంభమై, క్రీడలు ముగిసిన 2016 డిసెంబరులో ఆగిపోయింది. నేను చూసినప్పుడు పెట్టెలు కదలకుండా ఉన్నాయి. ఆ పథకం మొదలైన రోజులలోనే నగరపాలక గృహనిర్మాణ శాఖవారు వచ్చి, తీసివేయదలచిన ఇళ్ళ గోడల మీద తమ శాఖ పొడి అక్షరాలు "ఎస్.ఎమ్.ఎచ్." అని రంగుతో రాసిపోయారు. వందల ఇళ్ళకు ఆ గుర్తు పడింది. నివాసులు ఎదిరించారు, కోర్టుకెక్కారు. చాలా ఇళ్ళు నిలిచాయి. ఒక గోడ మీద వెలిసిన ఆ అక్షరాలను ఆవిడ వేలితో తడిమి, "చెరపొద్దని మేమే అనుకున్నాం" అంది.

కూల్చాలన్న కోరిక కొత్తది కాదు. 1937 నాటి నగర భవన నిబంధనలు ఫవేలాలను వికృతాలుగా పేర్కొని కొత్తవాటిని నిషేధించాయి. 1960లలో, 70లలో ఎన్నో వాడలను ఖాళీ చేయించి జనాన్ని సిదాదె దె దేవుస్, విలా కెనెడీ వంటి దూరపు కాలనీలకు తరలించారు. ప్రొవిదెన్సియా మిగిలింది.

ఒక మలుపులో ఆవిడ చెయ్యెత్తింది. కెమెరా జేబులో పెట్టాను. తుపాకులున్నవారెవరో అనుకున్నాను. ఎవరూ లేరు. 2008 జూన్ సంగతి చెప్పడానికి ఆగింది. ఇళ్ళు బాగుచేసే పథకానికి కాపలా అంటూ 2007 డిసెంబరు నుండి గుట్ట మీద సైన్యం ఉంది. జూన్ 14 ఉదయం నృత్యోత్సవం నుండి తిరిగివస్తున్న ముగ్గురు యువకులను సైనికులు పట్టుకుని, ప్రత్యర్థి ముఠా ఏలుతున్న మరొక గుట్టకు తీసుకుపోయి అప్పగించారు. ముగ్గురి శవాలు చెత్తకుప్పలో దొరికాయి. పదకొండుమంది సైనికుల మీద అభియోగం మోపారు. ఆ ఏడే జె.ఆర్. అనే ఫ్రెంచి కళాకారుడు వచ్చి ఈ వాడ స్త్రీల ముఖాలను, కళ్ళను పెద్ద ఫోటోలుగా ఇళ్ళ గోడలకు అతికించాడు. చనిపోయినవారి బంధువులూ వారిలో ఉన్నారు. కింద నగరం ఎటునుండి తలెత్తినా ఆ కళ్ళు కనిపించేవి.

"సైనికులు కట్టిన వాడ" అంది ఆవిడ. ఆ వాక్యం పూర్తి చేయలేదు. కింద వీధిలో సైనిక వాహనం ఒకటి నిలబడి ఉంది.

గుట్ట తల మీద నిలబడితే ఓడరేవు మొత్తం కనిపిస్తుంది. అక్కడ వలోంగో రేవు ఉంది. 1811 నుండి ఆఫ్రికా బానిసలు దిగిన చోటు. దాదాపు 9 లక్షలమంది ఆ మార్గాన వచ్చారని అంచనా. 1843లో మహారాణి రాక కోసం దానిని రాళ్ళతో కప్పేశారు. 2011లో తవ్వకాలలో బయటపడింది, 2017లో యునెస్కో వారసత్వ జాబితాలో చేరింది. కప్పెట్టినదాన్ని ఒలింపిక్ పనులే బయటపెట్టాయి, అదే పనులు పైన ఇళ్ళ మీద గుర్తులు వేశాయి.

దిగివచ్చాక ఆవిడ అడిగింది, "మీ ఊళ్ళో గుట్టలున్నాయా?" ఉన్నాయన్నాను. బెజవాడలో కొండవాలు నిండా ఇళ్ళే, రాత్రిపూట దీపాలు చూస్తే దీపావళిలా ఉంటుందన్నాను. "అక్కడి మెట్లు ఎన్ని?" అంది. జవాబు లేదు. బంధువుల ఇంటి డాబా మీదనుండి, రైలు కిటికీలోనుండి ఆ దీపాలు చూసినవాడినే గానీ, ఒక్కనాడూ ఎక్కినవాడిని కాను. భూగోళానికి అవతలి వైపున డబ్బిచ్చి ఎక్కాను.

బ్రెజిల్ జనగణన సంస్థ 2024 జనవరిలో, దశాబ్దాలుగా వాడిన "అసాధారణ సముదాయాలు" అన్న మాట తీసివేసి, "ఫవేలాలు, పట్టణ సముదాయాలు" అన్న పేరు స్వీకరించింది. 2022 లెక్క ప్రకారం అలాంటి చోట్ల కోటీ 64 లక్షలమంది ఉన్నారు. మొక్క పేరు ఎట్టకేలకు ప్రభుత్వ లెక్కలలోకి గౌరవంగా వచ్చింది. ఆ ఏడు ఆగస్టు 31న బెజవాడ మొగల్రాజపురంలో వానలకు కొండరాళ్ళు ఇళ్ళ మీద పడి మనుషులు మరణించిన వార్త చదివాను. ఆ వీధి ఎక్కడుందో పటంలో వెతుక్కోవలసివచ్చింది. ప్రొవిదెన్సియా గుట్ట మీద మలుపులు మాత్రం ఇప్పటికీ కళ్ళు మూసుకుని చెప్పగలను.